ప్రశ్నలు-జవాబులు: చివరి స్లాష్ మరిచిపోతే

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో చాలావరకు ఒకే విషయం మీద ఉన్నాయి: కమాండ్ లైన్‌లో ఫైళ్లను ఒక ఫోల్డర్ నుంచి ఇంకో ఫోల్డర్‌కు కాపీ చేయడం, మూవ్ చేయడం. అందుకే శీర్షిక మొత్తం దానికే ఇచ్చేశాం. కమాండ్లను పలికినట్టే తెలుగు అక్షరాల్లో అచ్చువేస్తున్నాం. మీరు కొట్టేటప్పుడు ఇంగ్లీషు చిన్న అక్షరాల్లో కొట్టండి. కాపీ చేసే కమాండ్ సీపీ అంటే సి, పి అక్షరాలు రెండే, మూవ్ చేసే ఎంవీ అంటే ఎం, వి. గీతలు, చుక్కలు, స్లాష్‌లు, నక్షత్రాలు, ఖాళీలు మాత్రం అచ్చులో ఎలా ఉంటే అలాగే ఉండాలి.

ప్ర: ఉబుంటు లైనక్స్ వాడుతున్నాను. ఒక పెళ్లి ఫోటోలు 212 ఉన్నాయి. ఒక్కో ఫోటోను ‘ఆల్బమ్’లోకి పంపేలా చిన్న లూప్ రాసి నడిపాను. ఎర్రర్ ఒక్కటీ రాలేదు. తీరా చూస్తే ఆల్బమ్ అనే ఫోల్డరే లేదు, ఆ పేరుతో ఒకే ఒక్క ఫైల్ ఉంది. మిగతా 211 ఏమయ్యాయి? తిరిగి వస్తాయా?
– ఫోటో స్టూడియో యజమాని, దిల్‌సుఖ్‌నగర్

జ: ముందు ఆ కంప్యూటర్‌ను ఆపేయండి. ఆ డిస్క్ మీద ఇక కొత్తగా ఒక్క ఫైల్ కూడా పడకూడదు. తర్వాత కెమెరా మెమరీ కార్డు తీయండి. దాన్ని ఇంకా ఫార్మాట్ చేయకపోతే ఫోటోలన్నీ అందులోనే ఉంటాయి, మీ కష్టం అక్కడితో తీరిపోతుంది. మామూలు ఫార్మాట్ చేసి, ఆ తర్వాత కొత్తగా ఏమీ తీయకపోయినా ఆశ ఉంది. ఫోటోరెక్ అనే ఉచిత ప్రోగ్రామ్ కార్డును మొదటి నుంచి చివరి దాకా చదివి, జేపీజీ ఆనవాళ్లు ఉన్న చోటల్లా ఫోటోను బయటికి లాగుతుంది. ఫైళ్ల పేర్లు పోతాయి. అయితే తీసిన తేదీ, సమయం ఫోటో లోపలే నమోదై ఉంటాయి కాబట్టి వరస మళ్లీ పేర్చుకోవచ్చు. కార్డు వల్ల పని కాకపోతే అప్పుడు డిస్క్ జోలికి వెళ్లండి. కంప్యూటర్‌ను లైవ్ పెన్‌డ్రైవ్‌తో (డిస్క్‌ను ముట్టుకోకుండా ఉబుంటును నేరుగా నడిపే పెన్‌డ్రైవ్) లేపి, ఫోటోరెక్‌ను అక్కడి నుంచి నడిపి, దొరికిన ఫోటోలను వేరే డిస్క్‌లోకి తీసుకోండి. మీది పాత తరహా హార్డ్ డిస్క్ అయితే చాలావరకు దొరకొచ్చు. ఎస్ఎస్‌డీ అయితే మాత్రం ఆశ తక్కువ. ఉబుంటు వారానికోసారి ఖాళీ జాగాల జాబితాను ఎస్ఎస్‌డీకి పంపుతుంది, అది జరిగాక పాత డేటా చేతికి రాదు. అందుకే తొందరపడమంటున్నాం.

ఇక జరిగిందేమిటంటే, ఆల్బమ్ అనే ఫోల్డర్‌ను మీరు ముందుగా తయారు చేయలేదు. ఎంవీ చేసే పనులు రెండు: చోటు మార్చడం, పేరు మార్చడం. రెండింటిలో ఏది చేయాలన్నది చివర రాసిన పేరును చూసి తేల్చుకుంటుంది. ఆ పేరుతో ఫోల్డర్ ఉంటే ఫైల్‌ను అందులో పెడుతుంది. లేకపోతే ఫైల్‌కే ఆ పేరు పెడుతుంది. మీ లూప్ ఇలా ఉండి ఉంటుంది:

ఫర్ ఎఫ్ ఇన్ *.జేపీజీ; డూ ఎంవీ "$ఎఫ్" ఆల్బమ్; డన్

మొదటి ఫోటో పేరు ఆల్బమ్‌గా మారింది. రెండోది వచ్చేసరికి ఆల్బమ్ అనే ఫైల్ ఉంది. ఎంవీ ఏమీ అడగకుండా మొదటి దాన్ని తీసేసి రెండోదానికి ఆ పేరు పెట్టింది. అలా 211 సార్లు. మిగిలింది ఆఖరి ఫోటో ఒక్కటే, దాని పేరు చివర .జేపీజీ అని చేరిస్తే తెరుచుకుంటుంది. 1971 నవంబరు నాటి తొలి యూనిక్స్ మాన్యువల్‌లోనే సీపీ, ఎంవీ రెండూ ఉన్నాయి. చెప్పిన పని అయిపోతే ఏమీ పలకకపోవడం వాటి పద్ధతి. ఎర్రర్ రాలేదంటే మీరు రాసింది జరిగిందని అర్థం, మీరు అనుకున్నది జరిగిందని కాదు.

లూప్ లేకుండా అన్నీ ఒకేసారి ఇచ్చి ఉంటే ఇది జరిగేది కాదు. ‘ఎంవీ *.జేపీజీ ఆల్బమ్’ అని కొడితే, అనేక ఫైళ్లకు ఒకే పేరు పెట్టడం కుదరదు కాబట్టి ఎర్రర్ ఇచ్చి ఆగిపోతుంది. ఒక్క ఫైల్ కూడా కదలదు.

కాబట్టి అలవాటు చేసుకోవాల్సింది చివరి స్లాష్. ‘ఆల్బమ్/’ అని రాస్తే, అది ఫోల్డర్ అయి తీరాలని చెప్పినట్టు. ఆ పేరుతో ఫోల్డర్ లేకపోతే సీపీ అయినా ఎంవీ అయినా ‘నాట్ ఎ డైరెక్టరీ’ అని ఎర్రర్ ఇచ్చి, ఫైల్‌ను ఉన్నచోటే ఉంచుతాయి. ఒక్క గీతతో మీ 211 ఫోటోలు నిలిచేవి. సరైన వరస ఇది:

ఎంకేడీఐఆర్ -పీ ఆల్బమ్
ఎంవీ -ఐవీ *.జేపీజీ ఆల్బమ్/

మొదటి కమాండ్ ఫోల్డర్ లేకపోతే తయారు చేస్తుంది, ఉంటే ఊరుకుంటుంది. రెండోదాంట్లో ఐ అక్షరం, అదే పేరుతో ఫైల్ ముందే ఉంటే ‘తీసేయమంటారా’ అని అడిగిస్తుంది. వీ అక్షరం, ఏది ఎక్కడికి వెళ్లిందో తెరమీద రాయిస్తుంది.

పెళ్లిళ్లు తీసేవారికి ఇంకో ప్రమాదం ఉంది. రెండు కెమెరాలతో తీస్తారు. రెండూ ఒకే కంపెనీవైతే రెండు కార్డుల్లోనూ డీఎస్‌సీ_0001 లాంటి ఒకే పేరు ఉండొచ్చు. మొదటి కార్డును ఒక ఫోల్డర్‌లోకి కాపీ చేసి, రెండో కార్డును కూడా అందులోకే కాపీ చేస్తే ఒకే నంబరున్న ఫోటోలు ఒకదాని మీద ఒకటి పడతాయి. రెండు కార్డులనూ ఒకే కమాండ్‌లో ఇస్తే మాత్రం ‘విల్ నాట్ ఓవర్‌రైట్ జస్ట్-క్రియేటెడ్’ అంటూ ఆ ఫైల్‌ను వదిలేస్తుంది. విడివిడిగా ఇస్తే ఆ కాపలా ఉండదు. కెమెరాకో ఫోల్డర్ పెట్టుకోవడం అన్నిటికన్నా మేలు. ఒకేచోట ఉండాలంటే ‘--బ్యాకప్=నంబర్డ్’ అన్న ఆప్షన్ చేర్చండి. పాత ఫైల్ పోకుండా పేరు చివర .~1~ తగిలించుకుని పక్కన ఉంటుంది.

విండోస్‌లో కమాండ్ ప్రాంప్ట్ వాడేవారికి ఇదే తప్పు వేరే రూపంలో ఎదురవుతుంది. ఆల్బమ్ ఫోల్డర్ లేనప్పుడు ‘కాపీ *.జేపీజీ ఆల్బమ్’ అని కొడితే, ఫోటోలన్నిటినీ ఒకదాని వెనక ఒకటి అతికించి ఆల్బమ్ అనే ఒకే ఫైల్ చేస్తుంది. అసలు ఫోటోలు ఉన్నచోటే ఉంటాయి కాబట్టి నష్టం లేదు. కాపీ అయిందనుకుని వాటిని డిలీట్ చేస్తేనే కొంప మునుగుతుంది. మూవ్ కమాండ్‌ను చేత్తో కొట్టినప్పుడు ఓవర్‌రైట్ చేయాలా అని అడుగుతుంది. బ్యాచ్ ఫైల్ (కమాండ్లను వరసగా రాసి పెట్టుకున్న ఫైల్) లోపల ఉంటే అడగదు. అక్కడ ‘మూవ్ /-వై’ అని రాయాలి.

ప్ర: ఒకే డిస్క్‌లో 60 జీబీ ఫోల్డర్ రెప్పపాటులో మూవ్ అయింది. అదే ఫోల్డర్ ఎక్స్‌టర్నల్ డిస్క్‌కు మూవ్ అవడానికి అరగంట దాటింది. ఎందుకంత తేడా? మధ్యలో ఆపితే ఏం జరుగుతుంది?
– ఒక పాఠకురాలు, ఉప్పల్

జ: ఒకే పార్టిషన్‌లో (డిస్క్‌ను విడదీసిన ఒక భాగంలో) మూవ్ అంటే డేటా కదలదు. ఫలానా ఫైల్ ఫలానా ఫోల్డర్‌లో ఉందని చెప్పే నమోదు ఒకటి ఉంటుంది. దాన్ని ఇక్కడ కొట్టేసి అక్కడ రాస్తారు, అంతే. 60 జీబీ అయినా 6 కేబీ అయినా పట్టే సమయం ఒకటే. ‘ఎల్ఎస్ -ఐ’ కొట్టి చూడండి, ఫైల్ పక్కన ఒక నంబర్ వస్తుంది. మూవ్ చేశాక మళ్లీ చూస్తే పేరు, చోటు మారినా ఆ నంబర్ మారదు.

ఇంకో డిస్క్‌కు వెళ్లేటప్పుడు ఆ సదుపాయం లేదు. ఎంవీ అక్కడ మొత్తం కాపీ చేసి, ఆ తర్వాత ఇక్కడిది తీసేస్తుంది. యూఎస్‌బీ 2 పోర్టులో సెకనుకు 30 ఎంబీ వెళ్తే 60 జీబీకి దాదాపు 33 నిమిషాలు. ఒకే డిస్క్ అయినా పార్టిషన్ మారితే ఇదే లెక్క.

మధ్యలో ఆపితే, మీరు ఇచ్చింది ఒక్క ఫోల్డర్ అయితే అసలు ఫోల్డర్ భద్రంగానే ఉంటుంది, అవతల సగం కాపీ పడి ఉంటుంది. పది ఫోల్డర్లు ఒకేసారి ఇచ్చి ఉంటే మాత్రం కొన్ని అక్కడికి వెళ్లిపోయి, కొన్ని ఇక్కడే మిగిలి, ఒక ఫోల్డర్ ఇక్కడా అక్కడా ఉంటుంది. అదే ఎంవీ మళ్లీ కొడితే ‘డైరెక్టరీ నాట్ ఎంప్టీ’ అని మొండికేస్తుంది. అందుకే వేరే డిస్క్‌కు పంపేటప్పుడు ఎంవీ అసలు వాడవద్దన్నది మా సలహా. కాపీ చేయండి, సరిచూడండి, ఆ తర్వాత మీ చేత్తో మీరే డిలీట్ చేయండి. సరిచూడటం ఎలాగో కింది జవాబులో ఉంది.

ప్ర: గాలివానకు కరెంటు పోయి కాపీ మధ్యలో ఆగింది. అయినవి వదిలేసి మిగతావే వెళ్లాలని ‘సీపీ -ఆర్ఎన్’ తో మళ్లీ నడిపాను. ఇప్పుడు ఒక వీడియో సగంలో ఆగిపోతోంది. అసలు వీడియో బాగానే ఉంది.
– ట్యుటోరియల్ నిర్వాహకుడు, మల్కాజిగిరి

జ: సీపీ ఒక ఫైల్‌ను రాస్తూ ఉండగా కరెంటు పోతే, అవతలి డిస్క్‌లో అదే పేరుతో సగం ఫైల్ మిగులుతుంది. పేరు చూస్తే తేడా తెలియదు. ఎన్ అంటే ‘అదే పేరుతో ఉంటే ముట్టుకోవద్దు’ అని. కాబట్టి ఆ సగం ఫైల్‌ను పూర్తయినదనుకుని దాటేసింది. కొందరు ఎన్ బదులు యూ వాడతారు, ‘ఇవతలిది కొత్తదైతేనే కాపీ చెయ్యి’ అని దాని అర్థం. అదీ ఇక్కడ మోసం చేస్తుంది. సగం ఫైల్ మీద పడిన తేదీ ఈ రోజుది, అసలు ఫైల్ తేదీ పాతది. అవతలిదే కొత్తదని దాటేస్తుంది.

ఈ పనికి సరిపోయేది ఆర్‌సింక్. పేరుతో పాటు సైజు, తేదీ కూడా పోల్చి, తేడా ఉంటే మళ్లీ పంపుతుంది.

ఆర్‌సింక్ -ఆర్‌టీవీ --పార్షియల్ --ప్రోగ్రెస్ వీడియోలు/ /మీడియా/యూజర్/బ్యాకప్/వీడియోలు/

‘యూజర్’ ఉన్నచోట మీ లాగిన్ పేరు, ‘బ్యాకప్’ ఉన్నచోట మీ డిస్క్ పేరు వేసుకోండి. ఆర్ అంటే లోపలి ఫోల్డర్లతో సహా, టీ అంటే అసలు తేదీలతో సహా, వీ అంటే చేసిందల్లా చెబుతూ. పార్షియల్ అన్నది ఆగిపోయిన పెద్ద ఫైల్ ముక్కను పారేయకుండా ఉంచుతుంది. చాలామంది ఇక్కడ ఆర్, టీ బదులు ఏ అక్షరం వాడతారు. అది ఓనరు, పర్మిషన్ల వివరాలను కూడా తీసుకెళ్లబోతుంది. పెన్‌డ్రైవ్‌లు, ఎక్స్‌టర్నల్ డిస్క్‌లు ఎక్కువగా ఫైళ్లను అమర్చే ఫ్యాట్32 లేదా ఎక్స్‌ఫ్యాట్ పద్ధతుల్లో ఉంటాయి, వాటిలో ఓనరు అన్న సంగతే ఉండదు. దాంతో ఫైల్‌కో ఎర్రర్ వచ్చి తెర నిండిపోతుంది, అసలైన ఎర్రర్ అందులో కనబడకుండా పోతుంది. ఫ్యాట్‌లో సమయం రెండు సెకన్లకోసారి మాత్రమే నమోదవుతుంది. అందువల్ల రెండోసారి నడిపినప్పుడు మారని ఫైళ్లు కూడా మళ్లీ వెళ్తుంటే ‘--మాడిఫై-విండో=1’ చేర్చండి.

మీరు మొదట సీపీని తేదీలు నిలిపే ఆప్షన్ లేకుండా నడిపారు కాబట్టి అవతల అన్ని ఫైళ్లకూ ఆనాటి తేదీయే ఉంటుంది. ఆర్‌సింక్ వాటన్నిటినీ తేడాగా చూసి మొత్తం మళ్లీ పంపుతుంది. అది వద్దనుకుంటే ఈ ఒక్కసారికి ‘--సైజ్-ఓన్లీ’ చేర్చండి, సైజు తేడా ఉన్నవే వెళ్తాయి. కరెంటు పోయినప్పుడు అరుదుగా సైజు సరిపోయి లోపల డేటా లేని ఫైళ్లు కూడా మిగులుతాయి. కాబట్టి చివర ఒకసారి ఇలా సరిచూడండి:

ఆర్‌సింక్ -ఆర్‌సీఎన్‌వీ వీడియోలు/ /మీడియా/యూజర్/బ్యాకప్/వీడియోలు/

ఇందులో సీ వల్ల రెండువైపులా ప్రతి ఫైల్‌ను మొత్తం చదివి పోలుస్తుంది, ఎన్ వల్ల ఏదీ మార్చదు. తేడా ఉన్న ఫైళ్ల పేర్లు మాత్రమే వస్తాయి. ఒక్క ఫైల్ పేరూ రాకపోతే కాపీ సరిగ్గా ఉన్నట్టు. పెద్ద ఫోల్డర్‌కు చాలాసేపు పడుతుంది, పట్టనివ్వండి.

ఆర్‌సింక్‌లో మొదటి పేరు చివరి స్లాష్‌కు కూడా అర్థం ఉంది. ‘వీడియోలు/’ అంటే అందులో ఉన్నవి. స్లాష్ లేకుండా ‘వీడియోలు’ అంటే ఆ ఫోల్డరే. పై కమాండ్‌లో ఆ స్లాష్ వదిలేస్తే బ్యాకప్‌లో వీడియోలు, దానిలోపల మళ్లీ వీడియోలు తయారవుతుంది. డిస్క్ నిండాకే అది బయటపడుతుంది. ‘సీపీ -ఆర్ వీడియోలు బ్యాకప్/వీడియోలు’ అని రెండుసార్లు కొట్టినా ఇదే జరుగుతుంది. మొదటిసారి ఫోల్డర్ లేదు కాబట్టి ఆ పేరుతో తయారవుతుంది. రెండోసారి ఉంది కాబట్టి దాని లోపలికి వెళ్తుంది. కమాండ్ అదే, ఫలితం వేరు.

ఆర్‌సింక్‌లో ‘--డిలీట్’ అన్న ఆప్షన్ కూడా ఉంది. ఇవతల లేనివన్నీ అవతల తీసేస్తుంది. ముందు ఎన్ పెట్టి నడిపి, తీసేయబోయే వాటి జాబితా మొత్తం చదవకుండా దాన్ని వాడకండి.

ప్ర: పెన్‌డ్రైవ్‌లోకి కాపీ అయిపోయి ప్రాంప్ట్ (తర్వాతి కమాండ్ కొట్టమనే గుర్తు) వచ్చాకే బయటికి లాగాను. జిరాక్స్ సెంటర్‌కు వెళ్తే ఫైల్ తెరుచుకోలేదు.
– విద్యార్థిని, నారాయణగూడ

జ: ప్రాంప్ట్ వచ్చిందంటే డేటా ర్యామ్ దాకా చేరిందని అర్థం. లైనక్స్ అక్కడి నుంచి నెమ్మదిగా పెన్‌డ్రైవ్‌లోకి రాస్తుంది. సీపీ తర్వాత ‘సింక్’ అని కొట్టి, దాని ప్రాంప్ట్ తిరిగి వచ్చేదాకా ఆగి, ఎజెక్ట్ చేసి తీయండి. ముఖ్యమైన ఫైల్ అయితే పెన్‌డ్రైవ్ మళ్లీ పెట్టి ‘సీఎంపీ’ తర్వాత రెండు ఫైళ్ల పేర్లూ ఇవ్వండి. ఏమీ చెప్పకపోతే రెండూ ఒకటే. తీసి మళ్లీ పెట్టకుండా పోలిస్తే ర్యామ్‌లో ఉన్నదాన్నే చదివి సరిగ్గా ఉందనే అవకాశం ఉంది.

ప్ర: 16 జీబీ ఖాళీ ఉన్న పెన్‌డ్రైవ్‌లోకి 5 జీబీ వీడియో పోవడం లేదు. ‘ఫైల్ టూ లార్జ్’ అంటోంది.
– ఒక పాఠకుడు, మెహదీపట్నం

జ: పెన్‌డ్రైవ్ ఫ్యాట్32లో ఉంది. అందులో ఒక్కో ఫైల్ 4 జీబీకి ఒక్క బైటు తక్కువ, అంటే 4,29,49,67,295 బైట్లు మించకూడదు. ఎంత ఖాళీ ఉన్నా అంతే. లోపలివి వేరేచోట పెట్టుకుని ఎక్స్‌ఫ్యాట్‌గా ఫార్మాట్ చేయండి. విండోస్‌లో అయితే ‘కన్వర్ట్ ఎఫ్: /ఎఫ్ఎస్:ఎన్‌టీఎఫ్ఎస్’ అని కొడితే (ఎఫ్ బదులు మీ డ్రైవ్ అక్షరం) ఉన్న ఫైళ్లు పోకుండా ఎన్‌టీఎఫ్ఎస్ అనే విండోస్ పద్ధతికి మారుతుంది. అయినా ముందు ఒక కాపీ తీసి పెట్టుకోవడమే మంచిది.

ప్ర: మా డీటీపీ సెంటర్‌లో ఫైళ్లకు తెలుగులోనే పేర్లు పెడతాం. విండోస్ నుంచి లైనక్స్ కంప్యూటర్‌కు కాపీ చేస్తుంటే కొన్నిటికి ‘ఫైల్ నేమ్ టూ లాంగ్’ వస్తోంది, పేరు చూస్తే ఒక లైనే ఉంది. ఇంకొన్ని ఫైళ్లు కళ్ల ముందే ఉన్నా, పేరు కొడితే ‘నో సచ్ ఫైల్’ అంటోంది.
– చిక్కడపల్లి

జ: రెండూ తెలుగు పేర్ల వల్ల వచ్చిన చిక్కులే, రెండిటికీ పరిష్కారం ఉంది. తెలుగు పేర్లు మానేయాల్సిన పని లేదు.

లైనక్స్‌లో సాధారణంగా ఉండే ఈఎక్స్‌టీ4 పద్ధతిలో ఒక పేరు 255 బైట్లు మించకూడదు. ఇంగ్లీషు అక్షరానికి ఒక బైటు చాలు. తెలుగులో ప్రతి గుర్తుకూ మూడు బైట్లు. గుర్తు అంటే కంటికి కనిపించే అక్షరం కాదు. హల్లు ఒకటి, గుణింతం ఒకటి, పొల్లు ఒకటి, ఇలా లెక్క. ‘హైదరాబాద్’ చూడండి: హ, ఐత్వం, ద, ర, దీర్ఘం, బ, దీర్ఘం, ద, పొల్లు. మొత్తం తొమ్మిది గుర్తులు, 27 బైట్లు. ఈ లెక్కన 85 గుర్తులకే పేరు నిండిపోతుంది. విండోస్‌లోని ఎన్‌టీఎఫ్ఎస్ బైట్లు లెక్కపెట్టదు. దాని ప్రకారం తెలుగు గుర్తు కూడా ఒకటే, 255 దాకా ఒప్పుకుంటుంది. అందుకే అక్కడ బాగున్న పేరు ఇక్కడ పట్టదు. పేరు ఎంత ఉందో చూడాలంటే:

ఎకో -ఎన్ "పేరు" | డబ్ల్యూసీ -సీ

సంవత్సరం, నెల, గ్రాహకుడి పేరు, పని పేరు అన్నీ ఒకే ఫైల్ పేరులో ఇరికించకుండా, సంవత్సరం, గ్రాహకుడు ఫోల్డర్లుగా పెట్టుకోండి. పరిమితి ఒక్కో పేరుకే, కాబట్టి ఫోల్డర్ల మధ్య పంచితే ఇబ్బంది ఉండదు.

రెండో చిక్కు కంటికి కనిపించదు. ‘కూకట్‌పల్లి’ అని రాయాలంటే ట్ కింద ప ఒత్తుగా పడిపోకుండా మధ్యలో ఒక కనబడని గుర్తు పెడతాం. జీరో విడ్త్ నాన్ జాయినర్ అంటారు. వెడల్పు సున్నా, కానీ పేరులో అది కూడా మూడు బైట్ల గుర్తే. అది ఉన్న కూకట్‌పల్లికి 33 బైట్లు, లేనిదానికి 30. ఒత్తులను సరిగ్గా కలపలేని టెర్మినల్‌లో రెండూ ఒకేలా కనిపిస్తాయి. కంప్యూటర్‌కు మాత్రం అవి రెండు వేర్వేరు పేర్లు. కొన్ని కీబోర్డులు మాట చివరి పొల్లు తర్వాత కూడా దీన్ని తమంతట తామే చేరుస్తాయి, అప్పుడు మామూలు పేజీలో చూసినా తేడా తెలియదు.

అందువల్ల తెలుగు పేరును మొత్తం చేత్తో కొట్టకండి. మొదటి రెండు మూడు అక్షరాలు కొట్టి ట్యాబ్ నొక్కండి, మిగతా పేరు డిస్క్‌లో ఉన్నది ఉన్నట్టు వచ్చేస్తుంది. అలా కూడా లొంగని ఫైల్‌కు, పైన చెప్పిన ‘ఎల్ఎస్ -ఐ’ తో నంబర్ చూసి, పేరుతో పని లేకుండా మార్చొచ్చు. నంబర్ 393247 అనుకుంటే:

ఫైండ్ . -ఐనమ్ 393247 -ఎగ్జెక్ ఎంవీ -ఐ {} కొత్తపేరు.పీడీఎఫ్ \;

చివర \; తప్పనిసరి, దాని ముందు ఖాళీ కూడా.

ఒక జాగ్రత్త. విండోస్ పాత కమాండ్ ప్రాంప్ట్‌లో తెలుగు పేర్లు డబ్బాలుగా కనిపిస్తాయి. అది ఫాంట్ లోపం, ఫైల్ పేరు చెడిపోలేదు. కంగారుపడి పేర్లు మార్చకండి.

ప్ర: విండోస్‌లో నేర్చుకుంటున్నాను. ‘సీడీ డి:\ఫోటోలు’ అని కొట్టినా సి డ్రైవ్‌లోనే ఉంటోంది. కాపీ కమాండ్‌కు లోపలి ఫోల్డర్లు రావడం లేదు. రోబోకాపీ వాడితే రాత్రంతా ఒకే ఫైల్ దగ్గర ఆగిపోయింది.
– విద్యార్థి, అమీర్‌పేట

జ: డ్రైవ్ కూడా మారాలంటే ‘సీడీ /డి డి:\ఫోటోలు’ అని కొట్టాలి. /డి లేకపోతే డి డ్రైవ్‌లో ఏ ఫోల్డర్ అన్నది గుర్తు పెట్టుకుంటుంది తప్ప అక్కడికి వెళ్లదు. కాపీ కమాండ్ లోపలి ఫోల్డర్ల జోలికి పోదు. ఎక్స్‌కాపీ, /ఎస్ చేరిస్తే, పోతుంది. అయినా విండోస్ విస్టా నుంచి రోబోకాపీ విండోస్‌తో పాటే వస్తోంది కాబట్టి నేర్చుకునేదేదో అదే నేర్చుకోండి.

రోబోకాపీ "డి:\ఫోటోలు" "ఈ:\బ్యాకప్\ఫోటోలు" /ఈ /ఆర్:2 /డబ్ల్యూ:5

/ఈ అంటే ఖాళీవాటితో సహా లోపలి ఫోల్డర్లన్నీ. మీది రాత్రంతా ఆగిపోవడానికి కారణం మిగతా రెండూ లేకపోవడం. ఫైల్ అందకపోతే ఎన్నిసార్లు ప్రయత్నించాలో ఆర్ చెబుతుంది, మధ్యలో ఎన్ని సెకన్లు ఆగాలో డబ్ల్యూ చెబుతుంది. మనం చెప్పకపోతే దాని లెక్క పది లక్షల సార్లు, ప్రతిసారీ 30 సెకన్లు. అంటే వేరే ప్రోగ్రామ్ తెరిచి పట్టుకున్న ఒక్క ఫైల్ కోసం దాదాపు 347 రోజులు ఎదురుచూస్తుంది. అది పాడైపోలేదు, ఎదురుచూస్తోంది.

లైనక్స్‌లో చివరి స్లాష్ పెట్టమన్నాం కదా, ఇక్కడ మాత్రం పెట్టకండి. "డి:\ఫోటోలు\" అని రాస్తే చివరి \ గుర్తు, దాని పక్కనున్న కోట్ గుర్తు కలిసి వేరే అర్థం ఇస్తాయి. కోట్ ముగియలేదనుకుని రెండో ఫోల్డర్ పేరును కూడా మొదటి దాంట్లో కలిపేసుకుని ఎర్రర్ ఇస్తుంది.

/ఎంఐఆర్ అన్న ఆప్షన్ ఇవతల లేనివాటిని అవతల తీసేస్తుంది. రెండు ఫోల్డర్ల పేర్లు తారుమారుగా ఇచ్చారంటే ఖాళీ బ్యాకప్ డిస్క్‌లా మీ అసలు ఫోల్డర్ కూడా ఖాళీ అవుతుంది. దాన్ని వాడే ప్రతిసారీ ముందు చివర /ఎల్ చేర్చి నడపండి, ఏం చేయబోతోందో జాబితా ఇస్తుంది తప్ప ఏదీ ముట్టుకోదు.

బ్యాచ్ ఫైల్‌లో రోబోకాపీ తర్వాత ఎర్రర్‌లెవెల్ (కమాండ్ ముగిశాక వదిలే సంఖ్య) చూసేవారికి ఒక మాట. దీనికి 1 అంటే ఫైళ్లు సవ్యంగా కాపీ అయ్యాయని. 8, ఆపైన వస్తేనే ఏదో కాపీ కాలేదని.

ప్ర: మా అపార్ట్‌మెంట్ సీసీ కెమెరా ఫోటోలు ఒకే ఫోల్డర్‌లో లక్షన్నర చేరాయి. ‘ఎంవీ *.జేపీజీ’ కొడితే ‘ఆర్గ్యుమెంట్ లిస్ట్ టూ లాంగ్’ అంటోంది.
– మియాపూర్

జ: నక్షత్రం గుర్తును పేర్లుగా విడగొట్టేది ఎంవీ కాదు, షెల్ (మీరు కొట్టిన లైన్‌ను చదివి కమాండ్లను నడిపే ప్రోగ్రామ్). లక్షన్నర పేర్లను ఒకే కమాండ్ వెనక పెట్టి పంపబోయింది. లైనక్స్‌లో ఆ వరసకు సాధారణంగా 20,97,152 బైట్లు మించి పట్టవు. ఫైండ్ వాడితే పట్టినన్ని చొప్పున విడతలుగా పంపుతుంది:

ఫైండ్ . -మ్యాక్స్‌డెప్త్ 1 -నేమ్ '*.జేపీజీ' -ఎగ్జెక్ ఎంవీ -ఎన్ -టీ /మీడియా/యూజర్/పాతవి/ {} +

నక్షత్రం చుట్టూ కోట్ గుర్తులు మరవకండి, లేకపోతే షెల్ మళ్లీ అదే పని చేస్తుంది. టీ తర్వాత ఇచ్చేది పంపాల్సిన ఫోల్డర్, అది ముందే ఉండి తీరాలి. పేర్లలో ఇంగ్లీషు పెద్ద అక్షరాలు కూడా ఉంటే -నేమ్ బదులు -ఐనేమ్ అనండి. పని అయ్యాక పాత ఫోల్డర్‌లో ‘ఎల్ఎస్ | డబ్ల్యూసీ -ఎల్’ కొట్టి ఎన్ని మిగిలాయో చూడండి. మిగిలిన .జేపీజీలు అదే పేరుతో అవతల ముందే ఉన్నవి, ఎన్ ఉన్నందువల్ల అవి కదలలేదు. వాటిని డిలీట్ చేసే ముందు నాలుగైదు తెరిచి అవతలివాటితో పోల్చండి.